ఊర్లోవాళ్ళకి డైలాగ్ లేదా

అమెరికాలో, నేపర్‌విల్‌లోని మా ఇంటి బేస్‌మెంట్‌లో ఆదివారాలు పిల్లలకు తెలుగు నేర్పుతాను. ఒకసారి ఉగాది వేడుకకు వాళ్ళచేత నాటిక వేయించమని ఇక్కడి తెలుగు సంఘం నిర్వాహకులు అడిగారు. పిల్లలు బడిలో గ్రీకు గాథలు చదువుతున్నారు. ట్రాయ్ నగరాన్ని కొయ్యగుర్రంతో పట్టుకున్న కథ వేస్తామన్నారు. రాసిచ్చాను.

గుర్రం కడుపులో దాక్కునే సైనికుల వేషాలకు అందరూ ఎగబడ్డారు. ఒక పద్నాలుగేళ్ళ అమ్మాయి మాత్రం, "ఆంటీ, ఊర్లోవాళ్ళకి డైలాగ్ లేదా?" అంది.

నిజంగానే లేదు. నేను రాసినదాంట్లో ట్రాయ్ జనం నిద్రపోతారు, చచ్చిపోతారు, అంతే. ఆ చలికాలమే మా ఆఫీసులో సగం టీమ్‌తో పాటు నన్నూ తీసేశారు. మిగిలినవాళ్ళకు వెళ్ళిన మెయిల్‌లో మా గురించి ఒకే ఒక్క వాక్యం ఉందని స్నేహితురాలు చెప్పింది. ఆ పిల్ల ప్రశ్న నాకు సరిగ్గా అక్కడ తగిలింది.

మొత్తం తిరగరాశాను. ఊరు కాలిన మర్నాడు కథ మొదలవుతుంది. బానిసలుగా ఓడలెక్కించడానికి నిలబెట్టిన ఆడవాళ్ళు ఒక్కొక్కరే తమ ఇల్లెక్కడో, అందులో ఎవరెవరు పోయారో చెబుతారు. సైనికుడు నోరు మూయమంటాడు. ఒక్కరూ మూయరు.

రిహార్సల్ చూసిన నిర్వాహకుడు నన్ను పక్కకు పిలిచాడు.

"పండగ పూట ఈ ఏడుపులెందుకండీ? గెలిచినోళ్ళ స్టోరీ అయితే పిల్లలకి ఇన్‌స్పైరింగ్‌గా ఉంటది. కొంచెం చేంజ్ చేయండి."

"వీళ్ళు ఏడవట్లేదండీ. జరిగింది చెప్తున్నారు. మార్చను."

"అయితే స్లాట్ ఇవ్వలేం."

"వద్దులెండి."

మా గరాజ్ ఖాళీ చేసి, దాని ముందున్న డ్రైవ్‌వేలో కుర్చీలు వేసి, ఒక శనివారం మధ్యాహ్నం అక్కడే వేశాం. ముప్పై మంది దాకా వచ్చారు. ఆ అమ్మాయి ముందుకొచ్చి, "మా ఇల్లు గోడ పక్కన ఉంది. మా నాన్న అక్కడే చచ్చిపోయింది" అంది. వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. ఆమె ఆగింది. నవ్వినాయన వైపు తిరిగి, ఆయన తలదించుకునేదాకా చూసి, ఆ మాటే, ఆ తప్పుతోనే, మళ్ళీ చెప్పింది. ఆ తర్వాత ఎవరూ నవ్వలేదు.

మరుసటి ఏడాది నిర్వాహకులు మళ్ళీ నాటిక కావాలని అడిగారు. ఒక్క మాట మార్చకుండా అదే పంపాను. ఇంకా జవాబు లేదు. పిల్లలు ఆగలేదు. ఇంకో గ్రీకు గాథ పట్టుకుని, చిక్కుదారుల కోటలో వీరుడు చంపేసిన ఎద్దుతల బిడ్డ గురించి, ఇప్పుడు వాడి తల్లిచేత చెప్పిస్తున్నారు.