క్యాసెట్ మీద సెల్లోటేపు ముక్క

మా చిన్నప్పుడు... కువైట్‌లో, బ్నీద్ అల్ గార్‌లో మేమున్న బిల్డింగ్ మొత్తానికి వీసీఆర్ మా ఇంట్లోనే ఉండేది. గురువారం సాయంత్రం అయితే చాలు, కోనసీమ వాళ్ళంతా మా ముందుగదిలో బొంతలు పరుచుకుని తెలుగు సినిమాకి తయారు.

పై అంతస్తులో ఇద్రీస్ అంకుల్ ఉండేవాడు. సూడాన్ ఆయన. మిర్కాబ్‌లో కెమెరాల కొట్లో పని. మనవాళ్ళతో తిరిగి హిందీ వచ్చేసింది. సినిమాలు తియ్యాలని ఒకటే పిచ్చి. కొట్టు కెమెరా అడిగి తెచ్చుకుని వాళ్ళన్నయ్య మీద చిన్న సినిమా తీసి, మా ఇంట్లోనే వేసి చూపించాడు.

ఆ అన్నయ్య రేవులో బస్తాలు మోసేవాడు. తలుపంత మనిషి. తల్లి పోతే ఊరెళ్ళడానికి కఫీల్, అదే వీసా ఇచ్చిన యజమాని, పాస్‌పోర్ట్ ఇవ్వలేదట. సినిమాలో ఆ సంగతి చెబుతూ చెబుతూ... వెక్కి వెక్కి ఏడ్చాడు. నేను కిసుక్కున నవ్వేశాను. అంత మగాడు ఏడవడమేంటని. తొమ్మిదేళ్ళ బుర్ర మరి.

"మా నల్లవాళ్ళని చూస్తే అందరికీ కండలే కనబడతాయి భాయ్. ఏడుపు కనబడదు. నాకు అదే చూపించాలనుంది" అన్నాడు ఇద్రీస్ అంకుల్ నాన్నారితో. నాన్నారు తువ్వాలుతో మొహం తుడుచుకున్నారు.

ఉన్నది ఒక్కటే కాపీ. కైరోలో సినిమా చదువుకి దరఖాస్తుతో పాటు పంపాలి. తన గదిలో ఉక్కకి పాడవుతుందని మా బీరువాలో పెట్టమన్నాడు. ఎవరూ చెరపకుండా క్యాసెట్ వెనక ప్లాస్టిక్ రెక్క కూడా విరిచేశాడు. అది విరిస్తే ఇంక రికార్డు అవ్వదు కదా... కానీ ఆ కంత మీద సెల్లోటేపు అంటిస్తే మళ్ళీ అవుతుంది. అందులో నాది అందెవేసిన చెయ్యి, నా ఖర్మ.

ఓ వారం అద్దెకి తెచ్చిన తెలుగు సినిమా నాకు తెగ నచ్చేసింది. నా గోల పడలేక నాన్నారు పక్క బిల్డింగ్ వాళ్ళ వీసీఆర్ తెచ్చి మాదానికి కలిపి, ఖాళీ క్యాసెట్ తెమ్మన్నారు. ఒక్కటీ లేదు. బీరువా తీశాను... ఆ ఏడుపు సినిమా ఎవడు చూస్తాడులే అనుకున్నాను. టేపు అంటించి, ఖాళీదే అని చెప్పి ఇచ్చాను. తెలిసే చేశానండి.

నెల తిరక్కుండా ఇద్రీస్ అంకుల్ వచ్చాడు. పంపేముందు ఒకసారి చూసుకుంటానని వేశాడు. డిష్యుం డిష్యుం ఫైటు వచ్చింది. ముందుకి తిప్పాడు, వెనక్కి తిప్పాడు. నాన్నారు నావైపు చూశారు. నేను తల వంచేసుకున్నాను.

ఆయన క్యాసెట్ బయటికి తీసి, ఆ టేపు ముక్కని గోటితో మెల్లిగా ఒలిచాడు. "ఖలాస్" అన్నాడు. నా తల కూడా నిమిరాడు. కంట్లో ఒక్క చుక్క లేదు... నా ముందు ఎలా ఏడుస్తాడు? నేను నవ్వడం చూశాడుగా.

కైరో వెళ్ళలేదు. అర్దియాలో ఏదో వర్క్‌షాపులో చేరాడని విన్నాం. నేను సారీ కూడా చెప్పలేదు.

ఇప్పుడు ఫోన్లో ఏది చెరిగినా పది చోట్ల కాపీలుంటాయి. అప్పుడు ఆ అన్నయ్య ఏడుపు ఆ ఒక్క క్యాసెట్లోనే ఉండేది...

మీరూ చిన్నప్పుడు ఇలా ఎవరిదైనా చెరిపేశారా? ఉంటే చెప్పండి... నేనొక్కదాన్నే కాదని తెలిస్తే కాస్త బావుండు.