గుంట ఉందా, లేదా?

ఎవరి నోట పాము మాట వచ్చినా హబీబు మామ అడిగేది ఒక్కటే. "కంటికీ ముక్కుకీ మధ్య గుంట ఉందా, లేదా?" పెళ్లి బంతిలో అన్నం కలుపుకుంటున్నా సరే, ఆ సంగతి తేలందే ముద్ద దిగనివ్వడు.

మాచర్లలో ఒక కాలేజీ జువాలజీ ల్యాబులో ముప్పై ఏళ్లు అటెండరుగా పాముల సీసాలు తుడిచాడు. లెక్చరర్లు వచ్చారు, పోయారు. సీసాలూ ఆయనా మిగిలారు. రిటైరయ్యాక కారంపూడి దగ్గర మా ఊరొచ్చి మా పక్కింట్లో దిగాడు. చొక్కా జేబులో ఎప్పుడూ భూతద్దం.

"పెళ్లిచూపుల్లో నా మొహాన కూడా గుంట వెతికాడు" అనేది సబీహా అత్త.

మా ఊళ్లో పాము కరిచిందని అనరు. పేరెత్తితే మనిషి హడలి చస్తాడని "పురుగు ముట్టింది" అంటారు. మిరప చేలల్లో ఏటా ఎవరో ఒకరికి ముడుతూనే ఉంటుంది.

"పురుగేందిరా? దానికి ఆరు కాళ్లు లెక్కపెట్టారా?" అని మామ అరిచేవాడు. "పింజర్లు రెండు రకాలు. గుంట ఉన్నయ్యి, లేనియ్యి. ఆ గుంటతోనే అది చీకట్లో ఎలుక ఒంటి వేడి కనిపెడతది. మన నల్లమల వెదుర్లలో పచ్చటిది, కాఫీ తోటల్లో మూతి ఎత్తుకుని ఉండేది, అమెరికాలో తోక గలగలలాడించేది. ఊళ్లు వేరు, రంగులు వేరు, ఇంటిపేరు ఒకటే!"

"మరి మన చేలో రక్తపింజరి?"

"దానికి గుంట లేదు. అదీ పింజరే గానీ వేరు కాపురం."

నాలుగేళ్ల కిందట మా నాన్న పెదకోటయ్యకి ముట్టింది. పురుగే కదా అని మంత్రం వేయించి, కాలికి తాడు బిగించి సాయంత్రం దాకా కూర్చోబెట్టారు. పొద్దుగూకేసరికి పోయాడు. పాడె కడుతుంటే మామ వచ్చి నా చెవిలో అడిగాడు.

"నాగేంద్రా, దాన్ని చంపారా? తల ఉందా?"

చొక్కా పట్టుకున్నాను. "గుంట ఉంటే మా నాన్న లేచొస్తాడా?"

"రాడురా. ఆసుపత్రి మందు నాలుగు పాముల విషానికే. గుంటదానికి పనిచెయ్యదు. ఇక్కడ తిరిగేది ఏదో తెలిస్తే రేపు ఇంకోడన్నా బతుకుతాడని."

ఏడాది పాటు ఆ మనిషి మొహం చూడలేదు. చచ్చినవాణ్ణి వదిలి పాము తల అడిగినవాడితో నాకేం మాటలు?

మొన్న మాఘంలో, మిరప కోతల్లో, మా అమ్మ ఆదెమ్మకి ముట్టింది. మధ్యాహ్నం కూలీలు మోసుకొచ్చి వాకిట్లో పడుకోబెట్టారు. కాలు అప్పటికే దిమ్మలా ఉంది. వాళ్లలో గంగమ్మ యూరియా సంచిలోంచి చచ్చిన పామును కింద పడేసింది. నేను ఆటో తీసేలోగా మామ పరిగెత్తుకొచ్చి, భూతద్దం పెట్టి దాని మొహంలోకి చూశాడు. నేనూ చూశాను. లావుపాటి ఒళ్లు, వీపు మీద మూడు వరుసల గొలుసు మచ్చలు.

"ఏం పురుగు అన్నా?" అంది అమ్మ. తల ఎత్తి పాము వైపు చూసింది.

మామ లేచాడు. చేతిలో అద్దం గడగడలాడుతోంది.

"గుంట ఉంది చెల్లెమ్మా. వెదురు పింజరి. కాలు వాస్తది, అంతే. మనిషిని చంపదు. ఆసుపత్రికి పోయి చూపించుకుని వద్దాం, కాలు మాత్రం కదపమాక."

వెదురు పింజరి పచ్చగా ఉంటుందని ఆ మనిషే నాకు వెయ్యిసార్లు చెప్పాడు.

నరసరావుపేట దాకా ఆటోలో అమ్మ కాలు కదలకుండా పట్టుకుని, హిమాలయాల నుంచి జపాను దాకా గుంట పాముల చుట్టరికాలన్నీ చెబుతూనే ఉన్నాడు. "అబ్బ, ఆపు అన్నా, పాము కన్నా నువ్వే చంపేటట్టున్నావు" అని అమ్మ విసుక్కుంది. ఆసుపత్రి గుమ్మంలో మాత్రం డాక్టరు దగ్గరికి వంగి మెల్లగా అన్నాడు. "రక్తపింజరి సార్. గుంట లేదు."

పదిహేను రోజులు. చిగుళ్ల నుంచి రక్తం. డయాలసిస్. రెండు కాలివేళ్లు తీసేశారు. రెండుసార్లు డాక్టరు నన్ను పక్కకి పిలిచి గుండె దిటవు చేసుకోమన్నాడు. మామ వరండాలోంచి కదల్లేదు. ఆ పదిహేను రోజులూ ఎవర్నీ గుంట గురించి అడగలేదు.

అమ్మ బతికింది. ఇంటికొచ్చింది. అప్పటి నుంచి మామకి కష్టాలు మొదలయ్యాయి.

పలకరించడానికి వచ్చిన యేసుపాదం, "రక్తపింజరంట కదా అక్కా?" అన్నాడు.

"రక్తపింజరి కాదయ్యా! గుంట ఉన్నది. వెదురు పింజరి. హబీబన్న అద్దం పెట్టి చూశాడు. ఏమన్నా, చెప్పు!"

పదిమందిలో మామ మొహం చూడాలి. వేపాకు నమిలినట్టు పెట్టి, నేలచూపులు చూస్తూ, "ఉంది చెల్లెమ్మా, గుంట ఉంది" అన్నాడు. వచ్చిన ప్రతివాడి ముందూ అదే మాట చెప్పించింది.

మామ ఇంటికి వెళ్లాక ఇక ఆగలేకపోయాను. "అమ్మా, ఆయన నీతో చెప్పింది..."

"అబద్ధం. నాకు తెలియదా ఏంది? ముప్పై ఏళ్ల నుంచి చేలో ఉన్నా, ఆ గొలుసు మచ్చలు ఎరగనా?"

"మరి?"

అమ్మ మంచం మీద కట్టు కట్టిన కాలు సర్దుకుంది.

"పాము గురించి ఆ మనిషి జన్మలో ఒక్క అబద్ధం ఆడలా. అంత వణుకుతా నాకోసం ఆడితే, నేను చచ్చి ఆయన్ని అబద్ధాలకోరుని చెయ్యమంటావంట్రా?"