నడి కాలువలో ఆగిన పడవ

వానలు మొదలైతే చాలు, మా వీధి చివర కాలువలో నానేసిన కొబ్బరి పీచు వాసన కిటికీలోంచి ఇంట్లోకి వచ్చేస్తుంది. కొత్తవాళ్లు ముక్కు మూసుకుంటారు; నాకు మాత్రం ఆ వాసన తగిలితే నోట్లో ఇంగ్లీషు ఆడుతుంది. నవ్వకండి, నిజమే చెబుతున్నాను. మొన్న మా మనవరాలు ఫోనులో ఇంగ్లీషు పాఠం చదువుకుంటూ, "ఒక్క పనికి ఇన్ని కాలాలెందుకు మామ్మా!" అని విసుక్కుంటే, మా ఊరి రేవు కళ్లకు కట్టింది.

కొత్తపేట దగ్గర మా ఊరి బడిలో నేను ఫస్టు ఫారంలో, అంటే ఇప్పటి ఆరో తరగతిలో, చేరేనాటికి స్వాతంత్ర్యం వచ్చి రెండు మూడేళ్లయింది. దొరలే పోయాక వాళ్ల భాషెందుకని మా అమ్మమ్మ సణిగేది. ఇంగ్లీషు మేష్టారు సన్నగా, పొడుగ్గా, ఉతికి ఉతికి పలచబడ్డ పంచెతో ఉండేవారు. ట్రైనింగు లేని టెంపరరీ మేష్టారు. ఇన్‌స్పెక్టరు పెదవి విరిస్తే ఉద్యోగం ఊడినట్టే. అలాంటి మనిషి బుద్ధిగా పాఠాలు బట్టీ పట్టించక, మధ్యాహ్నాలు మమ్మల్ని రేవుకు తీసుకెళ్లేవారు. వినాయక చవితినాటి నుంచీ పనసాకు బుట్టల్లో ఉడికిన ఇడ్లీలు, అదే మా పొట్టిక్కలు, తిని, చేతుల నెయ్యి వాసన ఇంకా పోకుండానే, తడి మెట్ల మీద వరుసగా కూర్చునేవాళ్లం. అవతలి గట్టు నుంచి రేవు దాటించే సత్తియ్య పడవ వంకాయ గంపలతో, అరటి గెలలతో, సంతకెళ్లే ఆడవాళ్ల కబుర్లతో కదిలేది. నడి కాలువలో ఉంటే దాటుతున్నాడు, గట్టుకు తగిలితే దాటేశాడు, నిన్నటిదైతే ఒకలా, రోజూ చేసేదైతే ఇంకోలా, అన్నీ ఇంగ్లీషులో అరిచి చెప్పాలి. పుస్తకంలో ముళ్లకంపలా ఉన్న కాలాలు నీళ్ల మీద ఎంత తేటగా కనిపించేవో! అప్పటి నా ఆశ్చర్యం ఇప్పటికీ తీరలేదు.

ఇన్‌స్పెక్టరుగారు రానే వచ్చారు. పెద్ద టోపీ, కిర్రుకిర్రుమనే బూట్లు. క్లాసులో నన్నే లేపి కాలాల మీద ప్రశ్న వేశారు. నల్లబల్ల మీద పడవేదీ, గోడల మధ్య కాలువేదీ? మేష్టారి మొహంలో నెత్తురుచుక్క లేదు. ఆ మొహం చూడలేక, "రేవు కాడికి రండి సార్, అక్కడైతే చెబుతానండి," అనేశాను. హెడ్మాష్టారు పళ్లు నూరారు. ఇన్‌స్పెక్టరుగారు మాత్రం నవ్వి, చేతికర్ర అందుకుని బయల్దేరారు.

మేం వెళ్లేసరికి పడవ మా గట్టు వైపు వస్తోంది. ఆ మనిషి ఏం చేస్తున్నాడని ఇన్‌స్పెక్టరుగారు ఇంగ్లీషులో అడిగారు. తెలుసు, నాకు తెలుసు! ఇంగ్లీషు మాటలే వరసన పడటం లేదు. ఇంకో నాలుగు బారలొస్తే పడవ గట్టుకు తగులుతుంది. తగిలిందా, నా జవాబూ పోయె, మేష్టారి ఉద్యోగమూ పోయె.

అప్పుడు సత్తియ్య పడవ తోసే గెడ బురదలోకి దించి, ఒళ్లంతా దాని మీద మోపి నిలబడ్డాడు. పడవ ఆగిపోయింది. ఎర్రనీళ్లు తోస్తున్నాయి, అతని చేతుల నరాలు తాళ్లలా తేలాయి.

"సంత అయిపోద్దిరా సత్తిగా! నిద్దరోతన్నావేంటి?" అని గంపల ఆడవాళ్లు తిట్టిపోస్తున్నారు. అతను గెడ వదల్లేదు. నా వైపే చూస్తున్నాడు.

"హి ఈజ్ క్రాసింగ్ ది కెనాల్, సార్!"

గెడ పైకి లేచింది. పడవ గట్టుకు తగలగానే దాటేశాడన్న రెండో జవాబు దానంతటదే వచ్చింది. ఇన్‌స్పెక్టరుగారు భుజం తట్టారు. మేష్టారు కండువాతో కళ్లొత్తుకున్నారు. ఆ ఏడే ఆయన ఉద్యోగం ఖాయమైంది.

మర్నాడు సత్తియ్యను పట్టుకుని, నీకు ఇంగ్లీషు వచ్చా అని అడిగాను.

"నాకెక్కడొస్తాదండి అమ్మాయిగారూ! మీరు తడుముకుంటంటే కాసేపు ఆపుతానండి. మేష్టారు మిమ్మల్ని తెచ్చిన కాణ్ణించీ అంతేనండి, ఆయ్."

మొదటి రోజు నుంచీ! మేమేమో మా తెలివే అనుకున్నాం.

ఇప్పుడు ఆ రేవూ లేదు, పడవా లేదు. వంతెన మీద బస్సులు, ఆటోలు ఎవరి కోసమూ ఆగకుండా పోతుంటాయి. మా పిల్ల ఫోను మరీ అన్యాయం, పది లెక్కపెట్టి, ఈలోగా జవాబు రాకపోతే తప్పంటూ గంట కొట్టేస్తుంది. మొన్న అది మోగబోతుంటే లాక్కుని గుప్పిట్లో బిగించాను.

"టైమైపోతోంది మామ్మా!"

"పోనీవే," అన్నాను. "నువ్వు ఆలోచించుకో. నేను పట్టుకున్నాగా."