అరవంలో రాని ఏడుపు

పోయిన మంగళవారం పొద్దున పోదనూరు నుంచి చెల్లెలు ఫోన్ చేసింది. "అక్కా, పెద్దమ్మ పోయిందక్కా. కాఫీ తాగి పడుకునింది, మళ్ళ లేయలే."

మా అమ్మకు అక్క ఆమె. ముప్పై ఏళ్ళు పోదనూరు స్టేషన్‌లో ప్లాట్‌ఫారాలు ఊడ్చింది. అరటితొక్కలు పారేసేవాళ్ళను అరవంలో తిట్టేది. మళ్ళీ వాళ్ళకే రైలుపెట్టె ఎక్కడ ఆగుతుందో చెప్పేది. మమ్మల్ని లాలించడం మాత్రం తెలుగులోనే, 'కన్ను' అనే ముద్దుపిలుపు ఒక్కటే అరవం. నేను బడిలో చదివింది అరవమే. తెలుగు అక్షరాలు తరువాత నేర్చుకున్నాను గాని, మాట నాకు ఆమె పెట్టిన భిక్ష.

మా రైల్వే కాలనీలో ఆమెను 'సినిమా అక్క' అనేవారు. ఒకే ఒక సినిమాలో, నిమిషం కూడా లేని దృశ్యంలో కనిపించింది. మీలో ఎవరైనా చూసే ఉండవచ్చు. పేరు మాత్రం అందులో ఉండదు.

నేను పుట్టకముందు సంగతి. స్టేషన్‌లో షూటింగ్. ప్రమాదంలో పోయిన కొడుకు మీద పడి తల్లి ఏడవాలి. వచ్చిన నటి ఎంత ఏడ్చినా డైరెక్టరుకు నచ్చలేదు. పక్కన ఊడుస్తున్న పెద్దమ్మను పిలిచి, "నువ్వు ఏడుస్తావామ్మా?" అని అడిగాడట.

అంతకు ముందు ఏడాదే ఆమె నాలుగేళ్ళ కొడుకు జ్వరంతో పోయాడు. అప్పుడు ఒక్క కన్నీటిచుక్క రాలేదని అత్తగారింట్లో రాతిగుండె అన్నారు. డైరెక్టరుకు అదేమీ తెలియదు.

తెల్లగుడ్డ కప్పుకుని పడుకున్న నటుడి పక్కన పెద్దమ్మ కూర్చుంది. అతని తల ఒళ్ళోకి తీసుకుని, "లేయి నాయనా, అన్నం సల్లారిపోతా ఉండాది, లేయి" అంది. కెమెరా ఆపేశాక కూడా ఆ ఏడుపు ఆగలేదు. చివరికి చనిపోయినవాడే లేచి కూర్చుని, "నేను బాగున్నానమ్మా" అని ఆమె చేతులు పట్టుకున్నాడట.

"అరవంలో చెప్పమనలేదా పెద్దమ్మా?" అని ఒకసారి అడిగాను.

"ఏడుపు అరవంలో యెట్ల వస్తాది కన్ను?" అంది.

సినిమా వచ్చిన రోజు కాలనీ అంతా కదిలింది. తెర మీద ఆమె ముఖం కనబడగానే ఈలలు. కాని ఆ నోట వినిపించింది ఇంకెవరిదో గొంతు, అరవంలో పెద్ద కేక. పెద్దమ్మ లేచి బయటికి వచ్చేసింది. మళ్ళీ సినిమా హాలు గడప తొక్కలేదు. బాగా నటించావని ఎవరన్నా అంటే, "నటించలే కన్ను, ఏడ్చినా. అంతే" అనేది.

నెల కిందట ఆ సినిమా నాకు ఫోన్‌లో దొరికింది. చూపించాలా వద్దా అని రెండు రోజులు తటపటాయించాను. చివరికి పోదనూరు వెళ్ళి, సౌండు పూర్తిగా తీసేసి ఆమె చేతిలో పెట్టాను. తెర మీద పెదవులు కదిలాయి. వాటితోపాటే పెద్దమ్మ, "లేయి నాయనా..." అని మెల్లగా తనే పలికింది. ఒక్క మాటా తప్పలేదు.

ఇంతలో వేలు తగిలి బొమ్మ ఆగిపోయింది. కన్నీళ్ళతో తడిసిన ఆ పడుచు ముఖాన్ని పెద్దమ్మ తన కొంగుతో తుడుస్తూ చాలాసేపు అట్లాగే కూర్చుంది.