కిల్లో సుక్రు వేసిన ధిక్కార కేసు

పదవీ విరమణకు మూడేళ్ల ముందు నన్ను అరకులోయలోని మా శాఖ డివిజను కార్యాలయానికి, ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్ సూపరింటెండెంటుగా బదిలీ చేశారు. ఉద్యోగుల సర్వీసు రిజిస్టర్లు, సీనియారిటీ జాబితాలు, ప్రమోషన్లు ఆ సెక్షన్ పని. పదేళ్ల కిందట అక్కడే గుమాస్తాగా చేశాను గనుక చోటు కొత్త కాదు. చలికాలంలో ఫైళ్లు నెమ్మదిగా కదిలేవి. మిగతా కాలాల్లో చలి అనే కారణం ఉండేది కాదు.

డుంబ్రిగుడలో జూనియర్ అసిస్టెంటు కిల్లో సుక్రు అప్పటికే హైకోర్టుకు వెళ్లాడు. అతని తరవాత చేరినవాళ్లు సీనియర్ అసిస్టెంట్లయ్యారు, తను కాలేదు. శాఖాపరమైన పరీక్ష ప్యాసైనట్టు అతని రిజిస్టర్లో లేదని మా వాదన. ప్యాసయ్యానని అతని వాదన. కోర్టు ఎనిమిది వారాల్లో అతని అర్జీని పరిశీలించి నిర్ణయం చెప్పమంది. మేం ఆ ఉత్తర్వుకు ఇన్‌వార్డ్ నంబరు వేసి, ఫైల్లో పెట్టి, పరిశీలనకు తగిన వారం కోసం ఎదురుచూశాం.

పదమూడో వారంలో కోర్టు ధిక్కార నోటీసు వచ్చింది. మామూలు రిట్‌లో ప్రతివాది ఒక హోదా మాత్రమే. హోదాకు నిద్ర చెడదు. ధిక్కార పిటిషన్లో ఇంటిపేరుతో సహా మనిషి పేరు రాస్తారు. శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన మా అధికారి నోటీసు పట్టుకుని స్వయంగా నా టేబుల్ దగ్గరికి వచ్చారు.

“ఏటండీ సూపరింటెండెంటు గారూ, నా పేరు రాసీసారేటి?”

ప్రభుత్వ న్యాయవాది ఫోనులో ధైర్యం చెప్పారు. కోర్టు పరిశీలించమందే గానీ ప్రమోషన్ ఇమ్మనలేదు. కారణాలు రాసి తిరస్కరించినా పరిశీలించినట్టే. ఆలస్యానికి క్షమాపణ కోరుతూ అఫిడవిట్ వేస్తే కేసు మూసేస్తారు.

“అయితే బేగి రాసీండి,” అన్నారు అధికారి.

తిరస్కరణ ముసాయిదా సగంలో ఉండగా సుక్రు వచ్చాడు. ఆ నెలాఖరుకే అతని రిటైర్‌మెంటు.

“ఏటి సుక్రూ, సారుని జైలుకి పంపిత్తావేటి?” అన్నాడు మా టైపిస్టు.

“ఆయన జైలుకెల్తే నా కాయితం మీద సంతకం ఎవుడెడతాడు బాబూ? సీనియర్ అసిస్టెంటుగా ఒక్క రోజు పనిసేసి దిగిపోతాను. అంతే సాలు.”

పరీక్ష ఫలితాల కాగితం నా ముందు పెట్టాడు. అందులో అతని రోల్ నంబరు ఉంది. రిజిస్టర్లన్నీ దింపించి వెతికాను. ఆ నంబరు కొయ్యూరులో పనిచేసే మరో కిల్లో సుక్రు రిజిస్టర్లో దొరికింది. ఆ కొండల్లో శుక్రవారం పుట్టిన మగపిల్లవాడికి ఆ పేరు పెట్టడం వాడుక, కిల్లో వాళ్లూ చాలామందే ఉన్నారు. మైదానం నుంచి వచ్చిన గుమాస్తా ఒక సుక్రు దొరకగానే వెతకడం మానేశాడు. చేతిరాత గుండ్రంగా, పొందికగా ఉంది. నాదే.

అధికారికి చెప్పాను. అఫిడవిట్ మీద ప్రమాణం చేయవలసింది ఆయన.

“ఆలస్యానికైతే క్షమాపణ సెప్పుకుందాం. తెలిసి తెలిసి అబద్దం కింద నా పేరెట్టమంటారేటి?” అన్నారు. రిజిస్టరు తన వైపు తిప్పుకుని, “ఇంతకీ ఆ రాత ఎవురిదండీ?” అన్నారు. అదీ చెప్పాను.

ముసాయిదా చించేసి ప్రమోషన్ ఉత్తర్వు రాశాం. కోర్టు క్షమాపణ అంగీకరించి కేసు మూసేసింది. సుక్రు అదే ఆఫీసులో, అదే కుర్చీలో తొమ్మిది రోజులు సీనియర్ అసిస్టెంటుగా పనిచేసి రిటైరయ్యాడు. నా సంజాయిషీ కోరుతూ మెమో తయారైంది. మెమోల ముసాయిదాలు దిద్దడం మా సెక్షన్ పనే గనుక, అందులో రెండు తప్పులు సరిచేసి సంతకానికి పంపాను.

నా సర్వీసులో కోర్టును కావాలని ధిక్కరించినవాళ్లు అరుదుగా తగిలారు. ఉత్తర్వు వచ్చాక ఫైలు తెరవనివాళ్లే ఎక్కువ, వాళ్లలో నేనూ ఒకణ్ని. మొదటి వారంలోనే తెరిచి ఉంటే, సుక్రు ఆ కుర్చీలో తొమ్మిది రోజులు కాదు, మూడు నెలల పైనే పనిచేసేవాడు.