అరలో దాచిన ఎర్ర సిలిండరు

తెనాలిలో మాది కిరాణా కొట్టు. గీచిగీచి బేరమాడనిదే మాకు తిన్నది అరగదు. కుప్పంలో పెళ్ళికి వెళ్తూ పుంగనూరు దగ్గర చెరువులో మోటారు బోటు చూసి, మా అమ్మాయి ఎక్కుతానంది. రేటు తగ్గించమని బోటు నడిపే మునెప్పతో పోరాడి ఓడిపోయాక చూశాను. ఇంజను పక్కనే పెట్రోలు క్యాను ఉంది, మంటలార్పే సిలిండరు లేదు. అదేదని అడిగాను.

"ఉండాదప్పా, రా సూపిస్తా," అన్నాడు.

టికెట్ల గది అరలో ఉంది. ప్లాస్టిక్ కవరు విప్పలేదు. పైన ఆయుధపూజ నాటి కుంకుమ, ఎండిన బంతిపూల దండ.

"దీన్ని బోటులో పెట్టరా?"

"తుప్పు పడతాదప్పా. చెకింగుకు వచ్చినప్పుడు పెడతాం. సుట్టూ నీళ్ళే ఉండాయి, నిప్పుకు యాల భయం?"

నాకు ఒళ్ళు మండింది. "పెట్రోలు నీళ్ళ మీద కూడా మండుతుందయ్యా! అప్పుడు దీనికోసం ఈదుకుంటూ వస్తావా?"

మునెప్ప నిట్టూర్చాడు. "సరేప్పా, నువ్వడిగిన రేటుకే ఇస్తా. ఎక్కు."

నా కోపం కూడా బేరమే అనుకున్నాడు! నా ముఖం అలాంటిది మరి. పూర్తి డబ్బు అతని చేతిలో పెట్టి, కవరు చించి, సిలిండరును నేనే బోటుకు మోశాను.

"పూజ చేసిందప్పా, కాలు తగలనీవాకు!" అని వెనక నుంచి కేక.

ఒడ్డు చేరగానే మునెప్ప సిలిండరును తువ్వాలుతో తుడిచి, భద్రంగా అరలో పెట్టి వచ్చాడు. అప్పటికే బోటు నిండా ఇంకెవరి పిల్లలో ఎక్కి కూర్చున్నారు.