అక్క దిగని మెట్లు

చివరి రెండేళ్ళూ మా అక్క ఇంటి వెనక మెలికలు తిరిగిన ఇనప మెట్ల మీదుగానే ఎక్కింది, దిగింది. ముందు గుమ్మం దాటగానే పద్నాలుగు సిమెంటు మెట్లున్నాయి. వాటి మీద ఆమె కాలు పెట్టకూడదని కోర్టు చెప్పింది.

బావ పోయాక, ఇల్లంతా తనదేననీ, అక్క మేడ ఖాళీ చెయ్యాలనీ కింది వాటాలో ఉండే ఆమె మరిది దావా వేశాడు. కింది కోర్టులో గెలిచాడు. అక్క అప్పీలు చేసింది. అది తేలేదాకా ఆమెను మేడ మీంచి పంపెయ్యకూడదనీ, ఆమె మాత్రం ముందు మెట్లు వాడకూడదనీ పై కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. ఆ మేడగదిలోనే ఆమె కుట్టుమిషన్, కత్తిరింపు బల్ల, బతుకూ.

"ఇదేం ఆర్డరే, నీ ఇంట్లో నువ్వు దొంగదారిన వెళ్ళడం?" అన్నాను.

"తప్పో ఒప్పో వాళ్ళే తేలుస్తార్రా. అందాకా పాటించాల్సిందే," అంది.

ఒక్కసారి తప్పింది. జోరు వానలో ఇనప మెట్లు జారుతుంటే, స్కూలు యూనిఫాంల మూట నెత్తిన పెట్టుకుని ముందునుంచి ఎక్కేసింది. మరిది ఫోటో తీశాడు. కోర్టులో అక్క చేతులు కట్టుకుని క్షమాపణ చెప్పుకుంది. ఇంకోసారి జరిగితే మేడ ఖాళీ చెయ్యాల్సిందేనని జడ్జి గట్టిగా చెప్పారు. ఆనాటినుంచి ఆ మెట్లవైపు చూడటం కూడా మానేసింది.

బట్టలు కుట్టించుకునేవాళ్ళని మరిది ముందునుంచి రానిచ్చేవాడు కాదు, వాళ్ళకి ఇనప మెట్లంటే భయం. అక్క కిటికీలోంచి తాడు కట్టిన బుట్ట దించేది. గుడ్డ అందులో పైకి వచ్చేది, కొలతలు కేకల మీద వచ్చేవి.

"నడుం ఎంత వదులు చెయ్యనే?"

"మెల్లిగా అక్కా! రెండంగుళాలని ఊరంతా చాటింపు వేస్తావా?" అని కిందినుంచి ఒకావిడ.

"చాటింపెందుకు, ఊరికి కళ్ళు లేవా?"

వీధి వీధంతా నవ్వేది. కింది గదిలో మరిది కిటికీ రెక్కలు ధడాలున మూసుకునేవి.

ఒక మధ్యాహ్నం గుడ్డ కత్తిరిస్తూనే ఛాతీ పట్టుకుని కూలబడింది. నేనక్కడే ఉన్నాను. అంబులెన్సు వచ్చింది. స్ట్రెచరు ఇనప మెట్ల మలుపులో పట్టదు.

"ముందునుంచి దించేద్దాం," అన్నాడు అంబులెన్సు అతను. అక్క గడప చెక్క పట్టుకుని వదల్లేదు.

అలికిడికి మరిది మెట్లెక్కి వచ్చాడు. ఆమెను చూడగానే అతని మొహం పాలిపోయింది.

"వదినా, ఇటు దిగు. నేనేమీ అనను."

"రాసివ్వు," అంది అక్క. గొంతు పీలగా వచ్చింది.

"ఇప్పుడా?"

"రెండు ముక్కలే. నువ్వే దిగమన్నావని."

కొలతల పుస్తకం, పెన్ను అతని చేతికిచ్చాను. పెన్ను మూత తీశాడు. కాగితం వంక చూస్తూ ఉండిపోయాడు.

"ఒక్క నిమిషం బావా, మా లాయర్ని ఓ మాట అడిగి..." అని నాతో అంటూ ఫోను తీశాడు. అవతల మోగుతూనే ఉంది. ఎవరూ ఎత్తలేదు.

"వెనకనుంచే పదండి," అంది అక్క.

కుర్చీలో కూర్చోబెట్టి, చీరతో కట్టి దించాం. కిందివైపు అంబులెన్సు అతను, పైవైపు నేను. ఒక్కో మెట్టూ ఆగి ఆగి దిగాం. నొప్పి ఎప్పుడు మొదలైందని ఆస్పత్రిలో డాక్టరు అడిగితే చెప్పాను. ఆయన గోడమీది గడియారం చూసి, ఆలస్యమైపోయిందన్నాడు.

ఆమె చేతిని గడప నుంచి విడిపించి ముందు మెట్ల మీదుగా దించగల బలం నాకుంది. కానీ మేడ పోతే అక్క ఎక్కడుంటుందన్న ఆలోచన నా బుర్రలోనూ తిరిగింది. అందుకే ఆగాను.

సాయంత్రం ఆమె శవాన్ని తీసుకొచ్చేసరికి మరిది ముందు తలుపు బార్లా తీసి నిలబడి ఉన్నాడు. ఏడ్చి ఏడ్చి అతని కళ్ళు ఉబ్బిపోయాయి.

"పైకి తీసుకెళ్ళండి బావా. ఇంకా ఏం ఆర్డరు?"

మోసేవాళ్ళు నావైపు చూశారు.

"ఇక్కడే దించండి," అన్నాను.

గుమ్మం బయటే బల్ల వేసి పడుకోబెట్టాం. మరిది తలుపు వెయ్యలేదు. మాలో ఎవరూ లోపలికి వెళ్ళలేదు.